రెప్పచాటు కూర్పు

'ఉప్పుకోట' రెండు భాగాలూ కలిపి పదకొండుసార్లు చూసిన మనిషి ఆ సినిమా కథని తప్పుగా చెబుతున్నాడు. అదీ ఒట్టు వేసి మరీ.

"పడవ నడిపే ముసలి సరంగు మొదటి భాగంలోనే చచ్చిపోతాడండి. రెండో భాగంలో వచ్చేవాడు ఆయన తమ్ముడు. కావాలంటే డైలాగులు కూడా చెబుతాను, వినండి" అన్నాడు గంగునాయుడు. అతను మద్దిలపాలెంలో ఆటో నడుపుతాడు. ప్రయోగానికి మనుషులు కావాలన్న ప్రకటన చూసి సరదాగా వచ్చాడు.

అద్దం ఇవతల కూర్చుని రాసుకుంటున్న కుసుమ చెయ్యి ఆగిపోయింది. సరంగుకి తమ్ముడే లేడు. రెండు భాగాల్లో ఎక్కడా లేడు. గంట క్రితం లోపలికి వెళ్లేటప్పుడు గంగునాయుడికీ ఆ సంగతి తెలుసు. కథంతా తన చేత్తో సరిగ్గా రాసి ఇచ్చాడు కూడా. ఇప్పుడు ఆ కాగితం చూపిస్తే తెల్లబోయాడు.

"రాత నాదేనండి. కానీ ఇలాగెందుకు రాస్తాను?"

డాక్టర్ భానోజీరావు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. ఆరేళ్లుగా ఎదురుచూసిన ఫలితం అది. అయినా ఆయన మొహంలో సంతోషం కంటే బెదురే ఎక్కువగా కనిపించింది.

విశాఖలో సముద్రానికి ఎదురుగా ఒక గుట్ట మీద ఉన్న చిన్న జ్ఞాపక పరిశోధనశాల అది. కుసుమ శాస్త్రవేత్త కాదు. హైదరాబాదులో ఎనిమిదేళ్లు సినిమా కూర్పు విభాగంలో, అంటే ఎడిటింగులో, సహాయకురాలిగా చేసింది. 'ఉప్పుకోట' రెండు భాగాల మీదా ఆమె పనిచేసింది. రెండో భాగం పూర్తికాకముందే ఆ పని మానేసి సొంతూరు వచ్చేసింది.

ఆ సినిమా అభిమానులు మాత్రం దాన్ని వదల్లేదు. రెండు భాగాల్నీ ముక్కలు చేసి, కలిపి, తమకు నచ్చినట్టు కొత్త సినిమాలు అల్లుకుంటున్నారు. ఒకతను పాటలూ హాస్యమూ తీసేసి రెండున్నర గంటల ఒకే సినిమా చేశాడు. ఇంకొకామె ప్రతినాయకుడి చిన్నతనం నుంచి మొదలుపెట్టింది. అందరిలోకీ పేరు తెచ్చుకున్నది 'కత్తెరమ్మ' అనే మారుపేరు. ఆ కత్తెరమ్మ కుసుమే. అది కనిపెట్టే డాక్టర్ ఆమెను పనిలోకి పిలిచాడు. లక్షలమంది ఒకేలా గుర్తుపెట్టుకున్న కథ ఒకటి, దాన్ని తిరగ్గూర్చగల చెయ్యి ఒకటి కావాలి ఆయనకు.

మిగతా పని ఆయన యంత్రానిది. తెర కింద చిన్న కెమెరా చూసేవాళ్ల కళ్లను కనిపెట్టి ఉంటుంది. వాళ్లు రెప్ప వేసిన క్షణంలోనే బొమ్మ మారుతుంది. రెప్ప ఆలస్యమైతే ఆ బొమ్మే సాగుతూ రెప్ప కోసం కాచుకుంటుంది.

"మామూలు కోతని కన్ను చూస్తుందమ్మా. చూసి, ఇది సినిమా అని సర్దుకుంటుంది. రెప్పచాటున కోస్తే అతుకు కనపడదు. అతుకు కనపడని దాన్ని మనసు సినిమా అనుకోదు. జరిగింది అనుకుంటుంది. పాతది అక్కడి నుంచి చెరిగిపోతుంది" అని మొదటిరోజే చెప్పాడాయన.

తుఫానుల్లో, ప్రమాదాల్లో బతికి బయటపడి, అదే క్షణాన్ని పదే పదే చూస్తూ కుమిలిపోయే వాళ్ల కోసం దీన్ని తయారుచేస్తున్నాడు. కానీ సినిమాలో చిన్న పాత్రల మీద తప్ప, సొంత జ్ఞాపకాల మీద ఇంకో రెండేళ్లదాకా ప్రయోగించకూడదని గట్టిగా గిరి గీసుకున్నాడు. ప్రయోగం అయ్యాక అసలు సినిమాని ఇదే పద్ధతిలో మళ్లీ చూపించి, మనిషిని యథాస్థితికి తెచ్చి పంపేవాడు. ఆ సాయంత్రం గంగునాయుడు బయటకు వెళ్తూ, "సరంగుకి తమ్ముడేటండీ?" అని తనే నవ్వాడు.

కుసుమ నవ్వలేకపోయింది. ఆమెకు ఇంట్లో భర్త గుర్తొచ్చాడు.

*

ఆమె భర్త నూకరాజు సినిమాల్లో ఫైటరు. అతని అక్క మొగుడు సింహాచలం కూడా ఫైటరే. కథానాయకుడికి డూప్‌గా పైనుంచి దూకే పనులన్నీ సింహాచలానివే. పద్నాలుగు నెలల క్రితం రెండో భాగం షూటింగులో, ఓడరేవు క్రేను మీది నుంచి దూకినప్పుడు అతని నడుముకి కట్టిన తాడు పట్టుకున్న ముగ్గురిలో నూకరాజు ముందున్నాడు. తాడు ఆగలేదు. సింహాచలం నేల మీద పడ్డాడు. మరి లేవలేదు.

నిర్మాతలు ఆ పడటాన్ని సినిమాలో ఉంచేశారు. అర సెకను మాత్రమే. ఎర్రచొక్కా మనిషి గాలిలో తిరగబడుతూ కిందికి రావడం, అంతే. థియేటర్లలో దానికి ఈలలు వేశారు. ఆ షాట్ ఉంచుతారని తెలిసిన రోజునే కుసుమ ఉద్యోగం మానేసింది. వచ్చేటప్పుడు ప్రమాదం రోజు తీసిన, ఇంకా కోతపడని నలభై సెకన్ల రష్ తనతో తెచ్చుకుంది. ఎందుకు తెచ్చుకుందో ఆమెకే తెలీదు. ఒక్కసారి కూడా తెరవలేదు.

నూకరాజు ఆ అర సెకనుని రోజూ ఫోనులో చూసేవాడు. చూసి, తన కుడి అరచెయ్యి చూసుకునేవాడు. బల్బు మార్చడానికి పన్నెండేళ్ల కూతురు జోషిత స్టూలు ఎక్కితే మొహం తిప్పుకుని గోడ పట్టుకుని నిలబడేవాడు.

"రాజూ, అది ఇంక చూడకు" అంటే, "సూడకపోతే ఆగుద్దేటి? కళ్లు మూసినా అదే కదా" అనేవాడు.

రెండేళ్లు ఆగడం కుసుమ వల్ల కాలేదు. యంత్రంలోని ప్రోగ్రాముని ఎవరికీ చెప్పకుండా ఇంటికి తెచ్చుకుంది. ఫోను ముందు కెమెరాతోనే పనిచేసేలా దాన్ని మార్చుకుంది. మొదటి భాగం చివర పేర్లు పడేటప్పుడు షూటింగు ముచ్చట్లు కొన్ని చూపించారు. వాటిలో సింహాచలం పరుపుల మీద పడి, నవ్వుతూ లేచి, బొటనవేలు ఎత్తి చూపుతాడు. అదే ఎర్రచొక్కా. రెండో భాగంలోని ఆ పడటానికి మొదటి భాగంలోని ఈ లేవడాన్ని అతికించింది. అటూ ఇటూ సినిమా సన్నివేశాలు పేర్చి మొత్తం రెండు గంటల కూర్పు తయారుచేసింది. అతుకు కుదరడానికి మూడు వారాలు పట్టింది. ప్రతిసారీ తనే చూసి సరిచూసుకుంది.

ఆదివారం మధ్యాహ్నం భోజనాలయ్యాక నూకరాజు చేతిలో ఫోను పెట్టింది. జోషిత తండ్రి భుజం మీద గడ్డం ఆనించి తనూ చూసింది. పిల్లని లేపి పంపేయాలని కుసుమకు తోచలేదు. చూడటం అయ్యాక నూకరాజు ఒళ్లు విరుచుకుని, "ఆకలేస్తంది" అన్నాడు. పద్నాలుగు నెలల్లో ఆ మాట వినడం అదే మొదటిసారి. కుసుమ వంటింట్లోకి పోయి ఏడ్చింది.

ఆ సంతోషంలోనే ఇంకో పని చేసింది. అదే కూర్పుని కత్తెరమ్మ పేరుతో అభిమానుల గుంపులో పెట్టింది. చచ్చిపోతున్న మనిషిని చూసి ఈలలు వేసినవాళ్లందరికీ అతను నవ్వుతూ లేవడం కనిపించాలి అనుకుంది. నాలుగు రోజుల్లో నాలుగు వేలమందికి పైగా చూశారు.

*

అయిదో రోజు పొద్దున్న నూకరాజు చొక్కా తొడుక్కుంటూ అన్నాడు. "బావకి నాలుగుసార్లు ఫోను సేసినాను. ఎత్తట్లేదు. భీమిలి ఎల్లి సూసొస్తాను."

అతని బాధ పోతుందనే కుసుమ అనుకుంది గానీ, బాధతోపాటు చావే పోతుందని అనుకోలేదు. అతని వెంటే తనూ బస్సెక్కింది. దారి పొడవునా అతను బావ గురించి కబుర్లు చెబుతూనే ఉన్నాడు.

భీమిలిలో పైడితల్లి వాకిట్లో కూర్చుని ఎండుచేపలు విడదీస్తోంది. తమ్ముణ్ణి చూసి లేచింది. పద్నాలుగు నెలలుగా అతను ఆ గడప తొక్కలేదు. అక్క మొహం చూడలేక రాలేదని ఆమెకు తెలుసు.

"వచ్చినావా తమ్ముడా" అని రెండు చేతులూ చాచింది.

"బావేడే అప్పా? ఫోనెత్తడేటి?"

పైడితల్లి చేతులు అలాగే గాలిలో ఉండిపోయాయి. నూకరాజు ఆమెను దాటుకుని లోపలికి వెళ్లాడు. "బావా!" అని పెరట్లోకి కేకేశాడు. గోడ మీద దండ వేసిన ఫొటో కనిపించేసరికి గిర్రున తిరిగాడు.

"ఇదేటే? బతికున్న మనిషికి దండేటి? మతుండే సేసినావా?"

"నూకా... నువ్వే కదరా కొరివి ఎనకాల నడిచినావు" అంది పైడితల్లి.

"నా కళ్లతో నాను సూసినాను. క్రేను మీంచి పడ్డాడు, నవ్వుకుంటా లేసినాడు. ఇలాగ యేలు సూపించినాడు." అతను బొటనవేలు ఎత్తి చూపించాడు. మొహంలో అబద్ధం లేదు. పిచ్చి కూడా లేదు. అది చూసే కుసుమకు అతను పిచ్చివాడైతే బాగుండుననిపించింది.

పైడితల్లి తమ్ముణ్ణి చూడటం మానేసి కుసుమ వైపు తిరిగింది.

"వాడికేటి సేసినావమ్మా?" అని అడిగింది.

*

నూకరాజుని ఇంటి దగ్గర దింపి, కుసుమ పరిశోధనశాలకి వచ్చి చెప్పినదంతా డాక్టర్ విన్నాడు. కేకలు వేస్తాడనుకుంది. ఆయన కుర్చీలోకి జారిపోయాడు.

"సరంగుకి తమ్ముణ్ణి పుట్టిస్తే అది సినిమాలోనే ఉండిపోతుంది. ఎందుకంటే ఎవరి బతుకులోనూ ఆ సరంగు లేడు. నువ్వు కోసింది బతుకుని. మీ ఆయన మనసు ఆ ఒక్క చోట ఆగదు కుసుమా. అలాంటివన్నీ అదే అచ్చులో పోసుకుంటుంది. పడటం అంటే లేవడం అని తేల్చేసుకుంటుంది."

"అంటే?"

"పైనుంచి పడితే మనిషి చస్తాడన్నది అతనికి తెలీదు. భయం అన్నది అందులోంచే పుడుతుంది. అది లేదిప్పుడు." ఆయన తలెత్తాడు. "ఇంకెవరైనా చూశారా?"

కుసుమ నోరు తెరిచేలోపే బల్ల మీద ఆమె ఫోను మోగింది. జోషిత. వీడియోలో పిల్ల మొహం, వెనకంతా ఆకాశం. జుట్టు గాలికి ఎగురుతోంది.

"అమ్మా! నాన్న నాకు దూకడం నేర్పిస్తున్నారు. గోదాము దగ్గర పైకెక్కాను. పరుపులు లోపలున్నాయి గానీ నాన్న అక్కర్లేదన్నారు. మామయ్యకి ఏమైనా అయిందా ఏంటి, లేచాడు కదా! నువ్వొస్తే దూకుతాను, వీడియో తీద్దువుగాని, తొందరగా రా!"

ఎందుకు అరవలేదో కుసుమకు తర్వాత కూడా అర్థం కాలేదు. "వస్తున్నాను. నేనొచ్చేదాకా దూకకు. నేనే తీయాలి" అంది.

రుషికొండ అవతల ఫైటర్లు సాధన చేసుకునే పాత గోదాము అది. ముప్ఫై అడుగుల ఇనప మంచె, దాని పక్కన నిచ్చెన. డాక్టర్ కారు నడుపుతుంటే, ఎదురుగా వచ్చే ప్రతి లారీనీ కుసుమ కాళ్లతోనే తొక్కి ఆపుతున్నట్టు కారు నేలకి పాదాలు అదుముకుని కూర్చుంది. గేటు దగ్గర దిగి పరుగెత్తింది.

మంచె అంచున జోషిత. పాదాల వేళ్లు గాలిలోకి ఉన్నాయి. కింద సిమెంటు నేల. నూకరాజు చేతులు కట్టుకుని, తల పైకెత్తి, మురిపెంగా చూస్తున్నాడు.

"రాజూ! దింపు దాన్ని! పడిపోతుంది!"

"పడతాదే. పడ్డానికే కదా ఎక్కింది" అని నవ్వాడు. "ఏటలాగున్నావు? పడితే లేస్తాది."

"చచ్చిపోతుంది!"

అతను ఆ మాట అర్థంకానట్టు చూశాడు. తెలియని భాషలో ఏదో అన్నట్టు. పైన జోషిత కూడా అలాగే చూసింది. "అమ్మా, తియ్యి! కాళ్లు నొప్పెడుతున్నాయి" అని మోకాళ్లు వంచింది.

వద్దన్న కొద్దీ వాళ్లకు అది ఆటలాగే ఉంటుందని కుసుమకు ఆ క్షణాన తెలిసింది. చావు లేని మనుషులకు చావు పేరు చెప్పి లాభం లేదు. ఎనిమిదేళ్ల సినిమా బతుకులో సెట్ల మీద రోజూ విన్న గొంతుని అరువు తెచ్చుకుంది.

"కట్! ఎవరు పెట్టారీ మార్కు? నిచ్చెన ఫ్రేములో పడుతోంది. జోషితా, నువ్వు తప్పు చోట నిలబడ్డావు. రాజూ, ఆర్టిస్టుని దింపు. మళ్లీ పెట్టుకుందాం."

నూకరాజు వెంటనే చేతులు విప్పేశాడు. పదిహేనేళ్లుగా ఆ మాటకి కదలడం అలవాటైన ఒళ్లు అది. "మార్కు తప్పిందట, దిగీమ్మా. మళ్లీ ఎక్కుదువుగాని" అన్నాడు.

జోషిత విసుక్కుంది. మూతి ముడుచుకుని నిచ్చెన వైపు నడిచింది. పిల్ల ఒక్కో మెట్టూ దిగుతుంటే కుసుమ కింది నుంచి కళ్లార్పకుండా చూస్తూ నిలబడింది. ఆఖరి మెట్టు మీద ఉండగానే నడుం పట్టుకుని లాక్కుంది. పిల్ల గుండె నిదానంగా, మామూలుగా కొట్టుకుంటోంది. ఆ నిదానమే ఆమెను అన్నిటికంటే ఎక్కువ భయపెట్టింది.

*

తండ్రినీ కూతుర్నీ పరిశోధనశాల కింది అంతస్తు గదిలో ఉంచారు. షూటింగు ఆలస్యమవుతోందని చెబితే ఇద్దరూ బుద్ధిగా క్యారమ్స్ ఆడుకుంటున్నారు.

కుసుమ అభిమానుల గుంపు తెరిచింది. నాలుగు వేల మూడువందల పన్నెండుమంది చూశారు. కింద రాతలు చదివింది. "క్రేను సీనులో ఎవరో పోయారని పుకారు పుట్టించింది ఎవర్రా? లేచాడు కదా" అని ఒకరు. "మా మేడ రెండంతస్తులే. రేపు నా వీడియో చూడండి" అని ఇంకొకరు. కూర్పుని వెంటనే తీసేసింది. తీసేసినంత మాత్రాన చూసినవాళ్ల తలల్లోంచి అది పోదు. మేడ అతనికి డాక్టర్ ఫోను చేసి, సంగతి చెబితే నమ్మడని, అతని తండ్రిని పిలిపించి మేడ తలుపుకి తాళం వేయించాడు.

"తిప్పి కూర్చాలి. అదే పడటం, దాని వెనక అసలు జరిగింది. అందరికీ మళ్లీ పంపాలి. సినిమాలో ఆ తర్వాతది లేదు. నీ దగ్గరున్న రష్ కావాలి" అన్నాడు డాక్టర్.

కుసుమ నలభై సెకన్ల రష్ మొదటిసారి తెరిచింది. ఎర్రచొక్కా గాలిలో తిరగబడింది. నేల తాకింది. సింహాచలం నవ్వుతూ లేచాడు. బొటనవేలు ఎత్తాడు.

పొరపాటున పాత కూర్పు తెరిచాననుకుంది. పేరు చూసింది. రష్షే. మళ్లీ వేసింది. మళ్లీ లేచాడు. ఈసారి వేళ్లతో రెప్పలు పైకెత్తి పట్టుకుని చూసింది. కళ్లలోంచి నీళ్లు కారాయి. అయినా లేచాడు.

"డాక్టర్‌గారూ" అని పిలిచింది. ఆ పిలుపు ఆమెకే పరాయిగా వినిపించింది. "ఇందులో ఏముంది?"

ఆయన తెర వైపు చూడలేదు, ఆమె వైపే చూశాడు. "నీ కూర్పులో ఆ ముక్క నేనూ చూశాను కుసుమా. ఇందాక, నువ్వు గుంపు చదువుతున్నప్పుడు. ఎలా చేశావో తెలుసుకోవాలని." ఆయన మొహం పాలిపోయి ఉంది. "నాకూ లేస్తూనే కనిపిస్తున్నాడు. అది కూర్పని ముందే తెలుసు కాబట్టి మనకు చావు గుర్తుంది, కళ్లు మాత్రం మోసపోయాయి. నువ్వయితే మూడు వారాలు చూశావు. నీ కళ్లు ఇంక ఈ పనికి రావు."

ఎక్కడ కోయాలో ఆమెకు కనపడదు. పడ్డ మనిషి కదలకుండా అయిన క్షణం ఏదో, దాని సరైన అంకె కావాలి. ఒక్క సెకను అటూ ఇటూ అయినా మనసు పాతదాన్నే పట్టుకుంటుంది. పరిశోధనశాలలో మిగిలిన ఇద్దరూ అభిమానుల గుంపులోనే ఆ కూర్పు చూసేసి ఉన్నారు. ఈ సినిమా అసలు చూడని మనిషి కావాలి. ముఖ్యంగా, అతను చనిపోయాడని గట్టిగా తెలిసిన మనిషి.

అలాంటి మనిషి ఎవరో కుసుమకు తెలుసు. అడగడానికి నోరు రావాలి, అంతే.

*

పైడితల్లి పొద్దున్నే మొదటి బస్సుకి వచ్చింది. తలదువ్వుకుని, ఉతికిన చీర కట్టుకుని వచ్చింది. రెండో భాగం పోస్టరు అంటించిన గోడల పక్కన నడవాల్సి వస్తే రోడ్డు దాటి అవతలివైపు వెళ్లిన మనిషి ఆమె. సినిమా చూడలేదు. ఫోనులో ఎవరైనా చూపించబోతే కళ్లు మూసుకునేది.

కుసుమ ఆమె కాళ్ల దగ్గర కూర్చుని చెప్పింది. చేసింది, అయింది, ఇంకా జరగగలిగేది అంతా చెప్పింది. చివరికి, "వదినా, అన్నయ్యగారు... ఆగిపోయిన క్షణం నువ్వు చూసి చెప్పాలి. అది ఆ నాలుగు వేలమందీ కూడా చూస్తారు" అంది.

పైడితల్లి ఆమె భుజం పట్టి లేపింది.

"నాను వచ్చేనాటికి గుడ్డ కప్పీసినారు. మొకం ఒక్కటే సూపించినారు. పడినప్పుడు అతను పిలిసినాడో నేదో, ఎవులూ సెప్పనేదు" అంది. తర్వాత, "జోసిత నిజంగా అంచున నిలబడిందా?" అని అడిగింది.

"నిలబడింది వదినా."

"అయితే సూపించు."

కుసుమ రష్ వేసి తెర పక్కకు తిరిగి కూర్చుంది. తనకు కనిపించే అబద్ధం చూస్తూ ఆమె పక్కన కూర్చోలేకపోయింది. చూడటానికి పైడితల్లి మొహం మాత్రమే మిగిలింది. ఆ మొహంలో సింహాచలం క్రేను అంచుకి రావడం కనిపించింది. కాలు గాలిలో పెట్టడం కనిపించింది. పైడితల్లి చెయ్యి కొంగు అంచుని దొరకబుచ్చుకుంది. పెదవులు కదిలాయి. కేక పెట్టలేదు. మొహం నెమ్మదిగా, దీపం తగ్గించినట్టు తగ్గిపోయింది. కుసుమ తన భర్తకు కనపడకుండా దాచిపెట్టాలనుకున్నది అదంతా, ఎదురుగా, కోత లేకుండా జరిగిపోయింది.

"మళ్లీ వెయ్యి. అంకెలు సూడనేదు" అంది పైడితల్లి.

రెండోసారి ఆమె వేలు పెట్టి చూపించింది. "ఇక్కడ." పంతొమ్మిదో సెకను మీద పదకొండో బొమ్మ. కుసుమ రాసుకుంది. ఆ బొమ్మలో తనకు నవ్వుతున్న మనిషే కనిపిస్తున్నాడు. నమ్మి రాసుకుంది.

అడగకూడదనుకుంటూనే అడిగింది. "వదినా... రాజు చెయ్యి కనిపించిందా? తాడు... వదిలాడా?"

పైడితల్లి కొంగుతో మొహం తుడుచుకుంది.

"వాడి సెయ్యి నాను సూడనేదమ్మా. నా మొగుణ్ణి సూసుకున్నాను."

*

ఆ మధ్యాహ్నమే నూకరాజుకి చూపించారు. జోషితకి ఆ చివరి క్షణాలు చూపించడం తప్పదని డాక్టర్ అన్నప్పుడు కుసుమ చెవులు మూసుకుంది. తర్వాత తనే వెళ్లి పిల్ల చెయ్యి పట్టుకుని కూర్చుంది. గది తలుపు తెరిచాక నూకరాజు గోడ పట్టుకుని నడుస్తూ బయటికి వచ్చాడు. అక్క ఎదురుగా నిలబడి, "అప్పా, నాను..." అని, నేల మీద కూలబడ్డాడు. పైడితల్లి అతని తల తన కడుపుకి ఆనించుకుంది. జోషిత మూలకి ముడుచుకుని, స్టూలు మీద నుంచి కిందికి కాలు పెట్టడానికి కూడా వణికింది. ఆ వణుకు చూసి కుసుమకు ప్రాణం లేచొచ్చింది. ఆ లేచి రావడాన్ని తనే క్షమించుకోలేకపోయింది.

కత్తెరమ్మ పేరుతో కొత్త కూర్పు గుంపులోకి వెళ్లింది. దాంతోపాటు తన అసలు పేరు, చేసిన తప్పు, క్షమాపణ. తిట్లు వచ్చాయి. ఫిర్యాదులు వచ్చాయి. పరిశోధనశాల మూతపడింది. డాక్టరూ ఆమే రెండు నెలలపాటు పొద్దున్నించి సాయంత్రం దాకా ఫోన్లు చేసి, మనిషి మనిషినీ వెతికి చూపించారు. నాలుగు వేల రెండువందల తొంభైమంది దొరికారు. ఇరవై రెండుమంది ఎవరో, ఏ ఊళ్లో ఉన్నారో తెలీలేదు. పేపర్లో ఎక్కడైనా మేడ మీంచి పడ్డ వార్త కనిపిస్తే కుసుమ వయసు చూసి, ఊరు చూసి, పేపరు మడిచి పెట్టలేక అలాగే పట్టుకుని కూర్చుంటుంది.

డాక్టర్‌కి నాలుగోసారి చూశాక నయమైంది. కుసుమకు కాలేదు. ఆమె మూడు వారాలు అతికిన అతుకు, ఎన్నిసార్లు చూసినా ఊడలేదు. రోజులు గడిచేకొద్దీ ఆమె భయాన్ని కూడా తినేసింది. ఎత్తుగా ఉన్నచోట జోషిత నిలబడితే, భయపడాలని గుర్తుపెట్టుకుని భయపడుతుంది. రెండో సంవత్సరీకానికి భీమిలి వెళ్లినప్పుడు అందరూ ఏడుస్తుంటే, ఎందుకు ఏడవాలో లోపల లోపల అప్పగించుకుని, అప్పుడు ఏడ్చింది.

అన్నాలయ్యాక ఆడవాళ్లిద్దరే వాకిట్లో మిగిలారు. ఎండ వాలుతోంది. కుసుమ దాచుకోలేకపోయింది.

"వదినా, నాకింకా లేస్తూనే ఉన్నాడు."

పైడితల్లి చేట పక్కన పెట్టింది. కోప్పడలేదు. దగ్గరికి జరిగి, మోకాలి మీద చెయ్యి వేసింది.

"నవ్వుతున్నాడా?"

"నవ్వుతున్నాడు."

"నాకు పడినదే కనపడతంది, ఏ పక్క తిరిగినా. లేసిన మనిసి ఒక్కసారైనా కనపడ్డు." గొంతు తగ్గించింది. "ఎలాగ లేస్తాడు? సెప్పమ్మా నాకు."

మాటతో కూడా అతుకు పడుతుందేమో కుసుమకు తెలీదు. డాక్టర్‌కీ తెలీదు. ఆమె పైడితల్లి కళ్లలోకి చూసింది. ఆ కళ్లు రెప్పవేయకుండా ఎదురుచూస్తున్నాయి.

"ముందు మోచెయ్యి ఆనించుకుంటాడు వదినా" అని, భయపడుతూనే చెప్పడం మొదలుపెట్టింది.